తల పెద్దది, దారి ఇరుకు: ఈ తీర్పు ఎవరిది?

(మహిళా ఆరోగ్య కార్యకర్తల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



ఈ రోజు ఒకే ఒక్క వాక్యం గురించి మాట్లాడదామనుకుంటున్నాను. "బిడ్డ తల పెద్దదిగా ఉంది, నీ దారి ఇరుకుగా ఉంది, మామూలు కాన్పు కాదు." ఈ మాట వినని వాళ్లు ఈ హాల్లో ఎవరైనా ఉన్నారా? మనకి చెప్పి ఉంటారు, లేకపోతే మన చెల్లెలికో, కోడలికో, పక్కింటి పిల్లకో చెప్పి ఉంటారు. చాలాసార్లు ఇది నొప్పులు మొదలైన తర్వాత చెప్పిన మాట కాదు. తొమ్మిదో నెలలో, స్కానింగ్ కాగితం చూసి, రెండు నిమిషాలు చేత్తో పరీక్ష చేసి చెప్పిన మాట. ఆ మాట వెంటనే ఆపరేషన్ తేదీ వస్తుంది. తేదీ వెంట ముహూర్తం వస్తుంది. ముహూర్తం వెంట అప్పు వస్తుంది.

మొదటే ఒక సంగతి స్పష్టంగా చెప్తాను. నేను ఆపరేషన్‌కి వ్యతిరేకంగా మాట్లాడటానికి రాలేదు. అవసరమైనప్పుడు, అవసరమైన సమయానికి ఆపరేషన్ అందటం స్త్రీల హక్కు. అది అందక చనిపోయిన వాళ్ల లెక్క కూడా మన దగ్గరుంది. మాయ గర్భాశయ ముఖద్వారానికి అడ్డంగా ఉన్నప్పుడు, నెలలు నిండాక బిడ్డ అడ్డంగానే ఉండిపోయినప్పుడు, ప్రమాదంలో కటి ఎముకలు విరిగి వంకరగా అతుక్కున్నప్పుడు ముందే ఆపరేషన్ నిర్ణయించటం సరైనదే. నా ప్రశ్న వేరు. అలాంటిదేమీ లేని ఆరోగ్యవంతురాలికి, బిడ్డ తల కిందికే ఉన్నప్పుడు, నొప్పులు రాకముందే "నీ ఒళ్లు చాలదు" అని చెప్పగలిగే కొలత ఏదైనా ఉందా?

గాజూ చెయ్యీ

మన అమ్మమ్మలు గాజులు తొడిగించుకోవటం చూశాం కదా. చెయ్యి చాచి, వేళ్ల కణుపుల మీద గాజు పెట్టి చూస్తే ఏ గాజూ పట్టదనే అనిపిస్తుంది. గాజులామె అలా చూసి వదిలెయ్యదు. బొటనవేలిని అరచేతిలోకి మడుస్తుంది, చేతిని మెత్తగా నొక్కుతుంది, కాస్త తిప్పుతుంది, గాజు ఎక్కుతుంది. స్కేలు పెట్టి చేతిని కొలిచి, గాజుని కొలిచి "ఇది నీకు పట్టదు" అని ఆమె ఎప్పుడూ అనలేదు. ఎక్కించి చూస్తే తప్ప తెలియదని ఆమెకి తెలుసు.

కాన్పు కూడా దాదాపు అలాంటిదే. పుస్తకాల్లో ఉండే లెక్క ఇది. కటివలయం పైభాగం అడ్డంగా సుమారు 13 సెంటీమీటర్లు, ముందు నుంచి వెనక్కి సుమారు 11 సెంటీమీటర్లు ఉంటుంది. నెలలు నిండిన బిడ్డ గడ్డాన్ని ఛాతీకి ఆనించి తల వంచితే, దారికి ఎదురయ్యే భాగం సుమారు 9.5 సెంటీమీటర్లు. అదే తల వంచకుండా ఎత్తి ఉంటే కొలత 11 సెంటీమీటర్ల దాకా పోతుంది. అంటే తల ఎంత పెద్దదన్న దానికంటే, తల ఎలా వంగిందన్నది ముఖ్యం. అది నొప్పులు వచ్చాక తేలే విషయం.

బిడ్డ తల కొబ్బరికాయ చిప్ప కాదు. పుర్రె ఎముకలు ఇంకా అతుక్కుని ఉండవు. మాడు మెత్తగా ఉంటుంది. నొప్పుల ఒత్తిడికి ఎముకలు ఒకదాని మీద ఒకటి కొద్దిగా ఎక్కి, తల సాగి, దారికి తగ్గట్టు సర్దుకుంటుంది. పుట్టిన మొదటి రోజు బిడ్డ తల పొడుగ్గా ఉంటే మన పెద్దవాళ్లు కంగారుపడరు, రెండు మూడు రోజుల్లో సర్దుకుంటుందంటారు. అది ఈ ప్రయాణం గుర్తే. తల్లి కటివలయం కూడా ఇనుప చట్రం కాదు. గర్భంతో ఉన్నప్పుడు కీళ్లని పట్టి ఉంచే నారలు వదులవుతాయి. గొంతుకు కూర్చున్నప్పుడు, మోకాళ్ల మీదా చేతుల మీదా వంగినప్పుడు కింది దారి కొంత విచ్చుకుంటుంది. వెల్లకిలా పడుకోబెట్టి, కాళ్లు పైకి కట్టేస్తే అదే దారి ఇరుకవుతుంది.

ఇప్పుడు చెప్పండి. తల ఎంత వంగుతుంది, ఎంత సాగుతుంది, కీళ్లు ఎంత వదులవుతాయి, నొప్పులు ఎంత బలంగా వస్తాయి, తల్లి ఏ భంగిమలో ఉంటుంది. ఈ ఐదింటిలో ఒక్కదాన్నైనా తొమ్మిదో నెల స్కానింగ్ గదిలో కొలవగలమా?

కొలతల కథ

మరి కొలతలు ఎలా వచ్చాయి? 18వ శతాబ్దంలో లండన్‌లో విలియం స్మెల్లీ అనే వైద్యుడు వేళ్లతో కటి లోపలి దూరాన్ని అంచనా కట్టే పద్ధతిని నేర్పాడు. ఆ కాలపు ఇంగ్లండులో అది అర్థం లేని పని కాదు. ఎండ తగలని ఇరుకు వీధుల్లో, చాలీచాలని తిండితో పెరిగిన పేద పిల్లలకి రికెట్స్ జబ్బు వచ్చేది. ఎముకలు మెత్తబడి కటివలయం వంకరపోయేది. అలాంటి స్త్రీల కాన్పులు నిజంగానే ప్రాణాంతకమయ్యేవి. అంటే ఆ కొలత పుట్టింది పేదరికం చేసిన గాయాన్ని గుర్తించటానికి. రానురాను అది ప్రతి స్త్రీ మీదా అనుమానంగా మారింది.

20వ శతాబ్దంలో ఎక్స్‌రే వచ్చింది. 1933లో అమెరికాలో కాల్డ్‌వెల్, మొలోయ్ అనే ఇద్దరు వైద్యులు స్త్రీల కటిని నాలుగు రకాలుగా విభజించారు. ఒకటి స్త్రీ కటి, ఒకటి మగవాళ్ల కటి లాంటిది, ఒకటి వాలిడు కోతి కటి లాంటిది, ఒకటి చదునైనది. పేర్లలోనే ఏది సరైన ఆడతనం, ఏది కాదు అనే తీర్పుంది. ఈ వర్గీకరణ దశాబ్దాల పాటు పాఠ్యపుస్తకాల్లో నడిచింది. గర్భిణీ స్త్రీలకి ఎక్స్‌రేలు తీసి కటి కొలవటం మామూలైపోయింది.

1956లో ఆలిస్ స్టివర్ట్ అనే వైద్యురాలు ఇంగ్లండులో ఒక విషయం బయటపెట్టారు. క్యాన్సర్‌తో చనిపోయిన పిల్లల తల్లుల్ని ఆమె బృందం కలిసి, గర్భంలో ఉన్నప్పుడు ఏమేం జరిగిందో అడిగింది. ఆ తల్లుల్లో గర్భంతో ఉండగా పొట్టకి ఎక్స్‌రే తీయించుకున్న వాళ్లు, మిగతా తల్లులతో పోలిస్తే దాదాపు రెండింతలున్నారు. పెద్ద పెద్ద డాక్టర్లు ఆమె మాటని ఏళ్ల తరబడి ఒప్పుకోలేదు. ఇక్కడ మనం గుర్తుంచుకోవాల్సింది, ఆమె తల్లుల్నే అడిగింది. వాళ్ల జ్ఞాపకాన్ని సాక్ష్యంగా తీసుకుంది.

1958లో గ్లాస్గోలో ఇయన్ డొనాల్డ్ బృందం అల్ట్రాసౌండ్ గురించి ప్రకటించింది. తర్వాత బిడ్డ తల అడ్డకొలతని స్కానింగ్‌లో కొలవటం వచ్చింది. ఇందులో ఎక్స్‌రే ప్రమాదం లేదు, నిజమే. కానీ నెలలు నిండాక స్కానింగ్ చెప్పే బరువు 10 శాతం అటూ ఇటూ తేడా రావటం మామూలు. మూడున్నర కిలోలన్న బిడ్డ మూడుంపావు కిలోలు ఉండొచ్చు, పావుతక్కువ నాలుగు కిలోలూ ఉండొచ్చు. ఆ కాగితం మీద అంకె అచ్చయి వస్తుంది కాబట్టి మనకది సత్యంలా కనిపిస్తుంది.

ఈ కొలతల వల్ల ఉపయోగమెంత? కాక్రేన్ అనే అంతర్జాతీయ పరిశోధకుల బృందం 2017లో, కటి కొలతల మీద జరిగిన 5 పరీక్షల్ని, మొత్తం 1159 మంది స్త్రీల వివరాల్ని కలిపి చూసింది. ఎక్స్‌రేతో కటి కొలిపించుకున్న స్త్రీలకి ఆపరేషన్లు ఎక్కువ జరిగాయి. బిడ్డల ప్రాణాలు ఎక్కువ నిలిచాయనటానికి ఆధారం దొరకలేదు. 2018లో ప్రపంచ ఆరోగ్య సంస్థ, నొప్పులతో చేరిన ఆరోగ్యవంతులైన గర్భిణీలకి చేత్తో కటి కొలిచే పరీక్ష మామూలు అలవాటుగా చెయ్యటాన్ని సిఫారసు చెయ్యమని తన మార్గదర్శకాల్లో రాసింది.

"తల ఇంకా దిగలేదు" అనే మాట కూడా వింటుంటాం. మొదటి కాన్పులోనూ చాలామందికి నొప్పులు మొదలయ్యాకే తల కటిలోకి దిగుతుంది. దిగకపోవటం జాగ్రత్తగా గమనించాల్సిన విషయమే. ఎందుకు దిగలేదో చూడాలి. అంతేగానీ అదొక్కటే ఆపరేషన్‌కి కారణం కాదు.

ఐర్లండులో జరిగింది

"నీ కటి చిన్నది" అనే తీర్పు ఎంత దూరం పోగలదో చెప్పటానికి ఐర్లండు ఉదాహరణ ఒక్కటి చాలు. 1940ల నుంచి 1980ల దాకా అక్కడ సుమారు 1500 మంది స్త్రీలకి కటివలయం ముందు భాగంలో రెండు ఎముకల్ని కలిపే కీలుని కోశారు. దారి వెడల్పు చెయ్యటమే దీని ఉద్దేశం. కొందరికి నొప్పులు రాకముందే, ఎక్స్‌రే కొలతలు చూసి చేశారు. కడుపు కోసే ఆపరేషన్ సురక్షితంగా చేసే వీలున్న ఆసుపత్రుల్లోనే ఇది జరిగింది. ఎందుకు? కడుపు కోస్తే మూడు నాలుగు కాన్పుల తర్వాత పిల్లలు పుట్టకుండా ఆపాల్సి వస్తుంది. కుటుంబ నియంత్రణ అప్పట్లో అక్కడి క్యాథలిక్ మతానికి, చట్టానికి విరుద్ధం. ఎన్ని కాన్పులైనా అయ్యేట్టు ఒళ్లుండాలంటే ఎముకల కీలు కోయటం మేలని కొందరు వైద్యులు భావించారు.

ఆ స్త్రీలలో చాలామందికి ఏం చేశారో కూడా చెప్పలేదు. నడక పట్టుతప్పి, మూత్రం నిలవక, జీవితాంతం నడుము నొప్పితో బతికామని వాళ్లు ముసలితనంలో చెప్పుకున్నారు. సంఘం పెట్టుకుని, వీధికెక్కి, కోర్టుకెక్కారు. 2014లో ఐక్యరాజ్య సమితి మానవ హక్కుల కమిటీ దీనిమీద ఐర్లండు ప్రభుత్వాన్ని నిలదీసింది. అదే ఏడాది ప్రభుత్వం పరిహార పథకం పెట్టింది. అక్కడి స్త్రీలని చూసి మనం నేర్చుకోవాల్సింది ఒకటుంది. కొలత ఒంటిది కావచ్చు, కానీ దాన్ని చదివేది కాలం, మతం, డబ్బు, అధికారం. అక్కడ మతం చదివింది. మన దగ్గర ఎవరు చదువుతున్నారు?

మన లెక్కలు

2019-21లో జరిగిన ఐదవ జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం దేశం మొత్తం మీద 100 కాన్పుల్లో 21.5 ఆపరేషన్లు. ఆంధ్రప్రదేశ్‌లో 42.4. తెలంగాణలో 60.7. ఇందులోనే ఇంకో లెక్కుంది. ఆంధ్రప్రదేశ్‌లో ప్రభుత్వాసుపత్రుల్లో 26.6 శాతం, ప్రైవేటులో 63 శాతం. తెలంగాణలో ప్రభుత్వాసుపత్రుల్లో 44.5 శాతం, ప్రైవేటులో 81.5 శాతం.

రోడ్డుకి ఇటుపక్క ప్రభుత్వాసుపత్రి, అటుపక్క నర్సింగ్ హోం. రోడ్డు దాటేసరికి ఆడవాళ్ల కటి ఇరుకైపోతుందా? బిడ్డల తలలు పెద్దవైపోతాయా? కష్టమైన కేసులన్నీ ప్రైవేటుకే పోతాయని ఎవరైనా అనొచ్చు. కానీ నిజానికి పేదవాళ్లు, రక్తహీనత ఉన్నవాళ్లు, ఆఖరి నిమిషంలో వచ్చేవాళ్లు ఎక్కువగా చేరేది ప్రభుత్వాసుపత్రిలోనే కదా. ఒక రాష్ట్రంలో ఆపరేషన్లు 10 శాతం దాటిన తర్వాత, ఇంకా పెరిగినందువల్ల తల్లీబిడ్డల మరణాలు తగ్గుతున్నట్టు కనపడలేదని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2015లో ప్రకటించింది.

కారణం ఒక్క డబ్బే అని నేననను. మామూలు కాన్పుకి పన్నెండు పద్నాలుగు గంటలు ఒక మనిషి పక్కనే కూర్చోవాలి. ఒక్క డాక్టరు నడిపే నర్సింగ్ హోంలో అది కుదరదు. మంత్రసానుల్ని పనికిరానివాళ్లన్నాం, వాళ్ల స్థానంలో శిక్షణ పొందిన మిడ్‌వైఫ్‌ల్ని పెట్టలేదు. ఏదైనా జరిగితే బంధువులు అద్దాలు పగలగొడతారని డాక్టర్ల భయం. ముహూర్తానికి కనాలని కుటుంబాల ఆశ. నొప్పుల గదిలో తిట్లు, చెంపదెబ్బలు తిన్న అక్కల్ని చూసి, "ఆ నరకం కంటే కోతే నయం" అనుకునే పిల్లలూ ఉన్నారు. ఆ పిల్లని తప్పుపట్టే హక్కు మనకి లేదు. కానీ ఇన్ని కారణాలుండగా, కేసు షీటు మీద మాత్రం తప్పంతా ఆమె ఎముకల మీదికి నెట్టేస్తున్నారు. డాక్టరుకి టైము లేదు అని రాయరు. నర్సులు చాలరు అని రాయరు. కటి చాలదు అని రాస్తారు.

ఆ రాత అక్కడితో ఆగదు. మా ప్రాంతంలో ఒక చెల్లెలు నాతో చెప్పిన మాట మర్చిపోలేను. మొదటి కాన్పు నొప్పులు రాకుండానే ఆపరేషన్. "నా ఒళ్లే సరిగా లేదక్కా, మా అత్త ఐదుగురిని పొలం పనులు చేస్తూ కన్నది" అంది. రెండోసారి ఆసుపత్రికి తీసుకెళ్లేలోపే, అంబులెన్సులోనే కనేసింది. రెండో బిడ్డ మొదటి బిడ్డ కంటే బరువు. అలా దారిలో కనటం ఆమెకి చాలా ప్రమాదం, పాత కుట్టు విడిపోయి ఉండొచ్చు. దాన్ని నేను ఆదర్శంగా చెప్పటం లేదు. కానీ "చాలదు" అన్న కటి చాలింది కదా! ఇదే కారణంతో ఒకసారి ఆపరేషన్ అయిన స్త్రీలలో, తర్వాతి కాన్పుకి ఆపరేషన్ సౌకర్యమున్న ఆసుపత్రిలో నొప్పులు పడే అవకాశమిస్తే సగానికి పైగా మామూలుగానే కన్నారని పరిశోధనలు చెప్తున్నాయి. కుట్టు విడిపోయే ప్రమాదం వెయ్యిమందిలో ఐదారుగురికి ఉంటుంది. ఆ రెండు లెక్కలూ ఆమె ముందు పెట్టి, ఏది కావాలో ఆమెనే అడగాలి.

రెండో వైపు

ఇప్పుడు నాణేన్ని తిప్పి చూద్దాం. కాన్పు దారి నిజంగా చాలని స్త్రీలు ఉన్నారు. నొప్పులు గంటల తరబడి సాగినా బిడ్డ దిగకపోతే గర్భసంచి పగలొచ్చు. తల ఒత్తిడికి మూత్రాశయం దెబ్బతిని రంధ్రం పడితే, ఆ స్త్రీ జీవితాంతం మూత్రం కారుతూ, వాసనొస్తోందని ఇంట్లోంచి గెంటేయబడుతుంది. పదహారేళ్లకే కడుపొచ్చిన పిల్లకి కటి ఎముకలు ఇంకా పూర్తిగా ఎదగవు. చిన్నప్పుడు అన్నదమ్ములు తిన్నాక మిగిలింది తిన్న పిల్ల పొట్టిగా మిగిలిపోతుంది. అదే సర్వే ప్రకారం 20-24 ఏళ్ల స్త్రీలలో 18 నిండకుండానే పెళ్లయినవాళ్లు ఆంధ్రప్రదేశ్‌లో 29.3 శాతం, తెలంగాణలో 23.5 శాతం. కటి ఇరుకన్నది నిజమైన చోట, దాన్ని ఇరుకు చేసింది ఎవరో కూడా మనం అడగాలి.

అందుకని పొట్టిగా ఉన్న స్త్రీని గుర్తించటం తప్పు కాదు. ఆ గుర్తింపుకి అర్థం ఏమిటన్నదే అసలు విషయం. "ఈమె ఇంటి దగ్గర, సౌకర్యాల్లేని చోట కనకూడదు. ఆపరేషన్, రక్తం దొరికే ఆసుపత్రిలో నొప్పులు పడాలి. వాహనం ముందే మాట్లాడి ఉంచాలి." దాని అర్థం అంతే. ఆపరేషన్ తేదీ కాదు. మన్యంలో ఉన్న చెల్లెలికి ఆసుపత్రి అందటం లేదు, పట్నంలో ఉన్న చెల్లెలికి నొప్పులు పడే అవకాశం అందటం లేదు. ఇవి రెండు వేర్వేరు సమస్యలు కావు. ఎవరికి ఏది అవసరమో స్త్రీని బట్టి కాకుండా ఆసుపత్రిని బట్టి తేల్చే వ్యవస్థ సమస్య.

దారి చాలుతుందా లేదా అన్నది నొప్పులే చెప్పాలి. 1972లో ఇప్పటి జింబాబ్వేలో ఫిల్‌పాట్, కాజిల్ అనే వైద్యులు ఒక గీతల కాగితాన్ని ప్రచారంలోకి తెచ్చారు. గర్భాశయ ముఖద్వారం ఎంత తెరుచుకుంది, తల ఎంత దిగింది, బిడ్డ గుండె ఎలా కొట్టుకుంటోంది అన్నవి గంట గంటకీ అందులో రాస్తారు. పల్లె ఆసుపత్రి మంత్రసాని ఏ సమయానికి పెద్దాసుపత్రికి పంపాలో దాన్ని చూసి తెలుసుకునేది. 2018లో ప్రపంచ ఆరోగ్య సంస్థ, గంటకి ఒక సెంటీమీటరు తెరుచుకోలేదన్న ఒక్క కారణంతో తొందరపడొద్దని, తల్లీబిడ్డా బాగున్నంత వరకూ మొదటి కాన్పుకి 5 సెంటీమీటర్ల తర్వాత 12 గంటల దాకా పట్టవచ్చని చెప్పింది. 2020లో ఆ కాగితాన్ని కొత్తగా తయారుచేసింది. అందులో తోడు మనిషి ఉందా, తాగటానికి ఏమైనా ఇచ్చారా, ఏ భంగిమలో ఉంది అన్నవి కూడా రాయాలి. కొలవాల్సింది ఆమె ఎముకల్ని కాదు, ఆమెకి అందుతున్న సంరక్షణని.

మనం అడగాల్సినవి

ఇక మన పని. మన ఊళ్లలో, బస్తీల్లో గర్భిణీ స్త్రీలతో, వాళ్ల అత్తలతో, భర్తలతో కూర్చుని ఈ ప్రశ్నలు నేర్పుదాం.

ఒకటి: ఏ కొలత చూసి దారి ఇరుకంటున్నారు? అది కాగితం మీద రాసిస్తారా?

రెండు: నొప్పులు వచ్చేదాకా ఆగితే నాకు, బిడ్డకి వచ్చే ప్రమాదమేమిటి? ఆగకపోతే వచ్చేదేమిటి? వచ్చే కాన్పుకి ఏమవుతుంది?

మూడు: నొప్పుల్లో నడవనిస్తారా, కూర్చోనిస్తారా? నాకిష్టమైన ఆడమనిషి తోడుండొచ్చా? 2017లో వచ్చిన కేంద్రప్రభుత్వ 'లక్ష్య' కార్యక్రమం గౌరవంగా కాన్పు చెయ్యాలనీ, తోడు ఉండనివ్వాలనీ ప్రభుత్వాసుపత్రులకి చెప్తోంది.

నాలుగు: మరో డాక్టరుని అడిగి వస్తాను, నా కాగితాల నకళ్లు ఇవ్వండి. 2002 నాటి వైద్యమండలి నిబంధనల ప్రకారం అడిగిన 72 గంటల్లో ఇవ్వాలి.

2008లో సుప్రీంకోర్టు, పరీక్ష కోసం వచ్చిన ఒక స్త్రీకి ఆమె ఒప్పుకోలు లేకుండా గర్భసంచి, అండాశయాలు తీసేసిన కేసులో తీర్పిస్తూ, ఏం చేస్తారు, ఎందుకు, లాభనష్టాలేమిటి, వేరే దారి ఏముంది, చేయించుకోకపోతే ఏమవుతుంది అన్నవి తెలిపి తీసుకున్నదే ఒప్పుకోలు అని చెప్పింది. ఆపరేషన్ గది గుమ్మంలో భర్త చేత సంతకం పెట్టించటం ఒప్పుకోలు కాదు.

ఈ ప్రశ్నలు ఒక్క స్త్రీ అడిగితే "నువ్వు డాక్టరువా?" అంటారు. అందుకే మనం వెంట వెళ్లాలి. ప్రతి ఆసుపత్రీ ఎన్ని ఆపరేషన్లు, ఏ కారణంతో చేసిందో గోడ మీద రాయాలని అడగాలి. ప్రతి ప్రభుత్వాసుపత్రిలో శిక్షణ పొందిన మిడ్‌వైఫ్‌లు కావాలని అడగాలి. 2017లో తెలంగాణలో ప్రభుత్వ నర్సులకి ఆ శిక్షణ మొదలైంది, 2018లో కేంద్రం దానికి మార్గదర్శకాలు ఇచ్చింది. కాగితం మీద ఉన్నది కాన్పుల గదిలోకి రావాలి.

చివరిగా, మనలో మనం కూడా ఒకటి మానుకుందాం. "దీని నడుం సన్నం, ఇదేం కంటుంది" అని ఆడపిల్లని చూసి అనటం మానేద్దాం. మామూలుగా కన్నదాన్ని మొనగత్తె అని, కోత పడ్డదాన్ని చేతకానిదని అనటమూ మానేద్దాం. ఎలా కన్నా ఆమె కన్నది. మనం కోరేది ఒక్కటే. ఆమె ఒంటి గురించి చెప్పే తీర్పుకి ఆధారం చూపించాలి, ఆ తీర్పులో ఆమె మాట ఉండాలి.